కొత్తగూడెంలో నాలుగు రోజులు

మా తెనాలిలో "మాస్టారూ, తమరి రిటైర్మెంటు ఎప్పుడు?" అని ఎవరైనా అడిగితే నేను పుట్టిన తేదీ చెబుతాను. పుట్టిన తేదీ అంటే మా అమ్మ నన్ను కన్న తేదీ అనుకునేరు. కాదు, బళ్ళో వేసిన నాడు పంతులుగారు తమకు తోచినట్టు రాసుకున్న తేదీ. దానికి అరవై రెండు కలుపుకుంటే లెక్క తేలిపోతుంది. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 2014లో మా యాభై ఎనిమిదిని 60 చేసింది, 2022లో 62 చేసింది. మేము చేయవలసిందల్లా బతికి ఉండటం.

కొత్తగూడెంలో ఇదే ప్రశ్న వేసి చూడండి. అక్కడ కూడా పుట్టిన తేదీ ఉన్నది, 61 ఏళ్ళన్న నిబంధనా ఉన్నది. కాని జవాబు చెప్పేవాడు ముందు తన ఛాతీ మీద చెయ్యి వేసుకుంటాడు. "గుండె పరీక్ష కాగితాలు రావాలండీ, అప్పుడు గాని చెప్పలేను" అంటాడు. ఆ గుండె బాగా లేదని రావాలని అతని కోరికో, బాగుందని రావాలని కోరికో మనకు చప్పున బోధపడదు. నాకైతే నాలుగు రోజులు పట్టింది.

వెళ్ళడానికి భద్రాద్రి రాముడి దర్శనం ఒక మిష. అసలు కారణం మా వదినగారి ఫోను. మా ఆవిడకు అప్పగారు ఆవిడ. ముప్పై ఏళ్ళ క్రితం కొత్తగూడెం బొగ్గు గనుల్లో పనిచేసే ఫిట్టరుకు ఇచ్చి చేశారు. మా తోడల్లుడిగారిని నేను అన్నయ్యగారనే పిలుస్తాను. "మీ అన్నయ్యగారు మొండికేశారు మాస్టారూ, మీ మాటైతే వింటారు, ఒకసారి వచ్చి చెప్పండి" అని వదినగారు అన్నది. ఏ విషయమో ఫోనులో చెప్పలేదు. సాధారణంగా నా మాట మా ఇంట్లోనే చెల్లదు. పొరుగు జిల్లాలో, అందునా పొరుగు రాష్ట్రంలో చెల్లుతుందంటే సంతోషం కలగదా మరి! పూతరేకులు కట్టించుకుని బయలుదేరాం.

విజయవాడలో బండెక్కి మధిర, ఖమ్మం దాటిన తర్వాత డోర్నకల్ దగ్గర దారి చీలుతుంది. పెద్ద లైను కాజీపేట వైపు పోతుంటే, మన బండి తూర్పు ముఖం పట్టి అడవి వాసన తగిలే నేలలోకి తిరుగుతుంది. కారేపల్లి జంక్షన్ వస్తుంది. ఆ దగ్గరిదే సింగరేణి అనే పల్లె. ఇవాళ తెలంగాణలో ఆరు జిల్లాల పొడుగునా గోదావరి పరీవాహకంలో ఉన్న గనులన్నిటికీ పేరిచ్చిన ఊరు అది. కారేపల్లి నుంచి ఒక చిన్న లైను ఇల్లెందుకు పోతుంది. బొగ్గు కథ మొదలైంది అక్కడే. భద్రాచలం పోయే యాత్రికులు దారిలో పొయ్యి రాళ్ళుగా నల్లరాళ్ళు పెట్టుకుంటే, వంట కాకముందే రాళ్ళే అంటుకున్నాయని అక్కడివారు ఒక కథ చెబుతారు. కథ సంగతి ఎలా ఉన్నా, 1871లో భూగర్భ పరిశోధన శాఖకు చెందిన డాక్టర్ విలియం కింగ్ అక్కడ బొగ్గు ఉన్నదని తేల్చాడు. 1886లో ఇంగ్లండులో పెట్టిన హైదరాబాద్ దక్కన్ కంపెనీ తవ్వకం హక్కులు సంపాదించింది. 1889 నుంచి బొగ్గు పైకి రావడం మొదలైంది. 1920లో సింగరేణి కాలరీస్ అనే పేరు స్థిరపడింది. 1945లో నిజాం ప్రభుత్వం వాటాలు కొన్నది. ఇప్పుడు తెలంగాణ ప్రభుత్వానికి 51, కేంద్రానికి 49 వాటాలు.

డోర్నకల్లులో మా ఎదుటి బల్ల మీద ఒకాయన కూర్చున్నాడు. యాభై దాటి ఉంటాయి. పక్కన భార్య. ఒడిలో పెద్ద ప్లాస్టిక్ సంచి, దాని నిండా ఎక్స్‌రే కవర్లు. మందమర్రి నుంచి వస్తున్నారట. మా ఆవిడకు రైల్లో మాట్లాడకపోతే ఊపిరాడదు.

"భద్రాద్రికేనా అన్నయ్యా?" అన్నది.

"కాదమ్మా, బోర్డుకు పోతున్న. కొత్తగూడెం పెద్దాస్పత్రిల రేపు మెడికల్ బోర్డు ఉన్నది."

"అయ్యో, ఏమిటి జబ్బు?"

"గుండెలున్న మూడు నాళాలల్ల రెండు మూసుకుపోయినయన్నరు, హైదరాబాదుల." అని చెప్పి, ఆయన కిటికీ వైపు తిరిగి దండం పెట్టాడు. "దేవుని దయ."

మా ఆవిడ నా వైపు చూసింది. రెండేళ్ళ క్రితం నాకు ఇలాగే ఒక నాళం మూసుకుపోయి గొట్టం వేసినప్పుడు, మా ఇంట్లో ఎవరూ దాన్ని దేవుడి దయ అనలేదు. పొరపాటున విన్నామేమో అనుకున్నాం. ఆయన భార్య మెల్లగా చెప్పింది: "బోర్డోళ్ళు ఒప్పుకుంటె మా పెద్దోనికి నౌకరి వస్తదక్కా."

ఆ మాట వివరించకుండా ముందుకు పోవడానికి వీల్లేదు, ఎందుకంటే కొత్తగూడెంలో మిగతా సంగతులన్నీ దాని చుట్టూనే తిరుగుతాయి. బొగ్గు గనుల వేతన ఒప్పందంలో చాలాకాలంగా ఒక షరతు ఉన్నది. గాయం వల్లనో జబ్బు వల్లనో కార్మికుడు శాశ్వతంగా పనికి పనికిరాకుండా పోయాడని కంపెనీ వైద్యులు తేల్చితే, అతనిమీద ఆధారపడినవారిలో ఒకరికి ఉద్యోగం ఇవ్వవచ్చు. ఫలానా జబ్బు అని లేకుండా సాధారణ బలహీనత కింద దిగిపోయేవాడైతే వయసు 58 దాటి ఉండకూడదన్నది అందులో మరో ముక్క. గనుల ప్రాంతంలో ఇంత పొడుగు మాట ఎవరూ అనరు. "అన్‌ఫిట్ అయ్యిండు" అంటారు. పెళ్ళి సంబంధాలు మాట్లాడేటప్పుడు మనవైపు "మూడెకరాల మాగాణి ఉన్నది" అన్నట్టుగా, ఇక్కడ "తండ్రి అన్‌ఫిట్‌కు పెట్టుకున్నాడు" అంటారు.

దీనికి కోర్టు కథ కూడా ఉన్నది. 2016 చివర్లో కంపెనీ వారసత్వ ఉద్యోగాల పథకం ప్రకటించింది. తండ్రి స్వచ్ఛందంగా దిగిపోతే కొడుక్కి కొలువు. ప్రభుత్వ సంస్థలో ఉద్యోగం ఆస్తిలాగా తండ్రి నుంచి కొడుక్కి వెళ్ళకూడదని 2017లో హైకోర్టు దాన్ని కొట్టివేసింది. 2018 నుంచి కారుణ్య నియామకాల పేరుతో, తండ్రి నిజంగా జబ్బుపడితేనే అనే దారి తిరిగి తెరుచుకుంది. అంటే ఏమైందో గమనించారా? వారసత్వం ఉన్నది, కాని దాని తలుపుకు తాళంచెవి రోగం. ఆరోగ్యవంతుడు తన బిడ్డకు ఏమీ ఇవ్వలేడు.

కొత్తగూడెం స్టేషనుకు భద్రాచలం రోడ్ అని పేరు. అక్కడి నుంచి భద్రాచలం ఇంకా నలభై కిలోమీటర్లు. కొత్తవారు రైలు దిగి గోదావరి ఏదీ అని వెతుక్కోవడం, ఆటోవాళ్ళు నవ్వుకోవడం ఈ ఊళ్ళో మామూలే. గోదావరి కనపడదు గాని బొగ్గు కనపడుతుంది. ఆకుల మీద, గోడల మీద, ఆరేసిన పంచెల మీద. రైటర్ బస్తీ, రామవరం, రుద్రంపూర్ అని కాలనీలు. వరుసలు వరుసలుగా కంపెనీ క్వార్టర్లు, ఒక్కో ఇంటి ముందూ ఒక వేపచెట్టు. పోస్టాఫీసు సెంటర్లో సాయంకాలం పూట మిరపకాయ బజ్జీల బండ్ల దగ్గర నిలబడితే మూడు షిఫ్టుల మనుషులూ కలుస్తారు: పోయేవాళ్ళు, వచ్చేవాళ్ళు, నిద్ర లేచి కళ్ళు నులుముకునేవాళ్ళు. గనిని వీళ్ళు బాయి అంటారు. "బాయి మీదికి పోయిండు" అంటే డ్యూటీకి వెళ్ళాడని. భూమి లోపలి బాయిలు తగ్గి, కొండల్లాగా మట్టి పోసుకుంటూ తవ్వే ఓపెన్ కాస్టు గనులు పెరిగాయి. 1990ల మొదట్లో లక్ష దాటి ఉన్న కంపెనీ కార్మికులు ఇప్పుడు సుమారు 40 వేలు. మిగిలిన పని యంత్రాలూ, కాంట్రాక్టు మనుషులూ చేస్తున్నారు. కంపెనీ కొలువుకు అంత విలువ ఎందుకొచ్చిందో ఆ లెక్క చెప్పకనే చెబుతుంది.

అన్నయ్యగారి తండ్రి తట్టా చెమ్మస్ పట్టి బొగ్గు నింపిన మనిషి. అన్నయ్యగారు ఫిట్టరు. బాయి లోపల పంపులు, కన్వేయర్ బెల్టులు బాగుచేస్తారు. యాభై ఆరేళ్ళు. మనిషి ఎత్తరి, మితభాషి. మేము వెళ్ళిన రోజు రాత్రి భోజనాలయ్యాక పెరట్లో మంచాలు వేసుకుంటే ఆయన దగ్గు మొదలైంది. తెరలు తెరలుగా దగ్గు. మధ్యలో ఊపిరి అందక లేచి కూర్చుని, మోకాళ్ళ మీద చేతులు ఆనించి, రంపం కోసినట్టు గాలి పీల్చేవారు. ముప్పై రెండేళ్ళు దుమ్ములో, చెమటలో, కారే నీళ్ళలో పనిచేసిన ఛాతీ అది.

మర్నాడు ఆయన షిఫ్టుకు వెళ్ళాక వదినగారు సంగతి చెప్పింది. అన్‌ఫిట్‌కు దరఖాస్తు పెట్టమని ఏడాది నుంచి ఆవిడ పోరు. ఎలాగో కాగితం పెట్టించింది. పరీక్షలకు రమ్మని పిలుపు వచ్చింది. ఇప్పుడాయన వెళ్ళనంటున్నారు.

పదో తరగతి చదివిన మా వదినగారు క్యాలెండరు కాగితం వెనక వేసి చూపించిన లెక్క, పదిమందికీ పనికొస్తుందని ఇక్కడ రాస్తున్నాను. "ఆయన జీతం నూరు రూపాయలనుకోండి మాస్టారూ. అరవై ఒకటి దాకా చేస్తే ఇంకో ఐదేళ్ళు నూరు. ఆ తర్వాత పెన్షను పాతిక. బతికినన్నాళ్ళూ ఆ పాతికే. ఇప్పుడు దిగితే ఈరోజు నుంచే పెన్షను పాతిక, పిల్లకు కొత్త జీతం నలభై ఐదు అనుకుందాం, మొత్తం డెబ్బై. ఐదేళ్ళు నెలకు ముప్పై నష్టం. ఆరో ఏటి నుంచి పాతిక ఉండవలసిన ఇంట్లో డెబ్బై, పైపెచ్చు పెరిగే డెబ్బై. పిల్లకు ఇంకో ముప్పై ఏళ్ళు కొలువు. క్వార్టరు కూడా నిలబడవచ్చు."

నేను లెక్కల మాస్టారిని కాను, సోషలు చెబుతాను. అయినా అందులో తప్పు పట్టలేకపోయాను. గని కార్మికులకు 1948 చట్టం కింద భవిష్యనిధి వచ్చింది, 1971లో కుటుంబ పెన్షను వచ్చింది, 1998లో అసలు పెన్షను పథకం వచ్చింది. పూర్తి సర్వీసు ఉన్నవాడికి ఆఖరి జీతాల సగటులో నాలుగో వంతు. దానికి కరువు భత్యం లేదు. ఏ అంకె మీద దిగితే ఆ అంకె మీదే నిలిచిపోతుంది. మా బోటి పాత పెన్షను మాస్టర్లకు సగం జీతం, దానిమీద ఏటా కరువు భత్యం. అందుకే మాకు రిటైర్మెంటు అంటే శాలువాలు, సన్మానపత్రం, కాశీయాత్ర. మేము జబ్బు వస్తే భయపడతాం, రాకపోతే సంతోషిస్తాం. అంత సులువైన భాగ్యం మాకు ఉన్నదని కొత్తగూడెం వెళ్ళేదాకా నాకు తట్టలేదు.

పిల్ల అన్నాను గదా. వాళ్ళకు ఇద్దరు. అబ్బాయి హైదరాబాదులో ఏదో కంపెనీలో ఉన్నాడు, బాయి పని తనకు వద్దన్నాడు. అమ్మాయి ఎలక్ట్రికల్ డిప్లొమా చదివింది. ఒకప్పుడు కొడుకులకే అనుకునే ఈ దారిలో ఇప్పుడు ఆడపిల్లలూ చేరి పైన ఆఫీసుల్లో, వర్క్‌షాపుల్లో పనిచేస్తున్నారు. గని లోపల సాంకేతిక, పర్యవేక్షక పనులకు ఆడవారిని తీసుకోవచ్చని కేంద్రం 2019లో సడలించింది కూడాను. ఆ పిల్లకు ఉద్యోగం కావాలి. నోరు తెరిచి అడగదు. నాన్న దగ్గినప్పుడల్లా నీళ్ళ చెంబు పట్టుకుని వస్తుంది.

ఎదురు క్వార్టరులో ఆ సాయంత్రం దీపం వెలగలేదు. ఎవరైనా పోయారేమోనని మా ఆవిడ కంగారుపడింది. కాదట. ఆ ఇంటాయన బోర్డుకు వెళితే పనికి తగిన ఆరోగ్యం ఉన్నదని తేల్చారట. పలకరించడానికి మా ఆవిడా వదినగారూ వెళ్ళారు. ఆ ఇల్లాలు గడపలో కూర్చుని ఉందట. "నాకేం తోస్తలేదక్కా. ఆయన పానం మంచిగున్నదన్నరని మొక్కు చెల్లించాల్నా, పిల్లగాని నౌకరి పాయెనని ఏడ్వాల్నా?" అన్నదట. మా ఆవిడ తిరిగి వచ్చి ఆ రాత్రి నాతో పెద్దగా మాట్లాడలేదు. నా బీపీ మాత్ర మాత్రం తనే తెచ్చి చేతిలో పెట్టింది.

మూడో రోజు ఉదయం ఒంటరిగా ఇల్లెందు వెళ్ళి వచ్చాను. అక్కడ బొగ్గుట్ట అనే పేరు ఇంకా వాడుకలో ఉన్నది. పాత బాయిలెన్నో మూతపడ్డాయి, కొన్నిచోట్ల ముళ్ళకంప కమ్మింది. టీ దుకాణం దగ్గర డెబ్బై ఎనిమిదేళ్ళ మాజీ కార్మికుడు ఒకాయన తగిలాడు. పెన్షను పథకం వచ్చిన కొత్తలోనే దిగినవాడు. ఆయన పెన్షను ఎంతో చెప్పాడు గాని ఇక్కడ రాయను, రాస్తే మీరు నమ్మరు. "దిగిన నాడు అది బియ్యానికి సరిపోయేది సారూ. ఇప్పుడు ఉప్పుకు సరిపోతది" అన్నాడు. ఆయన ఆరోగ్యం మాత్రం దుక్కలాగా ఉన్నది. పూర్తికాలం చేసి, ఒక్క రోజు ముందు దిగకుండా, ఏ జబ్బూ లేకుండా బయటికొచ్చాడు. ఇద్దరు కొడుకులూ ఆటోలు నడుపుతున్నారు. ఆయనతో పాటు చేరిన మరొకాయనకు పక్షవాతం వచ్చి నడుమ దిగిపోయాడట. ఆ కొడుకు ఇప్పుడు కంపెనీలో ఉన్నాడు. "వాడు పోయి పదేండ్లాయె. వాని ఇల్లు నిలబడ్డది. నేనున్న, నా ఇల్లు వంగింది" అని నవ్వాడు. ఆ నవ్వులో ఈర్ష్య లేదు. చెబితే విడ్డూరంగా ఉంటుంది గాని, ఏదో పంటల బీమా గురించి మాట్లాడుతున్నట్టే ఉన్నది.

హైకోర్టు తీర్పును నేను తప్పు పట్టను. బడిలో నా దగ్గర చదివిన కూలీ కొడుక్కి, గని మొహం చూడని ఇంటి పిల్లకు, ఆ ఉద్యోగాల్లో పోటీపడే హక్కు లేదనడం ఏ న్యాయం? కాని నన్నడిగితే అసలు చిక్కు అక్కడ లేదు. దిగినవాడికి నాలుగో వంతు ఇచ్చి, దాన్ని పెరగనీయకుండా పెడితే, మనిషి తన శరీరంలో ఇంకేమైనా అమ్మకానికి ఉన్నదా అని వెతుక్కుంటాడు. ఇక్కడ దొరికింది జబ్బు.

ఇంత మాట అంటున్నాను గనుక మా వైపు లెక్క కూడా చెప్పాలి. మేమూ జబ్బు మీద పందెం కాస్తూనే ఉన్నాం, కాస్త మర్యాదగా. మా పెన్షనులో నూటికి 40 వంతుల దాకా అమ్ముకోవచ్చు. కమ్యుటేషన్ అంటారు. వయసును బట్టి ఒక పట్టిక ఉంటుంది. అరవై ప్రాంతంలో నెలకు నూరు రూపాయల పెన్షను వదులుకుంటే పదివేలకు కొంచెం తక్కువ ఒక్కసారిగా చేతికి వస్తుంది. ఆ నూరూ పదిహేనేళ్ళు కోత పడి తర్వాత తిరిగి వస్తుంది. పదిహేనేళ్ళలో వదులుకున్నది 18 వేలు. నడుమ మనిషి పోతే ఆ మిగులు కోత కుటుంబ పెన్షనులో పడదు. అంటే త్వరగా పోయేవాడికి లాభం, గట్టిగా బతికేవాడికి ఖరీదైన అప్పు. రిటైరైన ఏడాదిలోపు అడిగితే వైద్య పరీక్ష లేదు, ఆ తర్వాతైతే ఉన్నది. గుండెలో గొట్టం ఉన్న నేను ఆ ఏడాది దాటనిస్తానా! నా దగ్గర లెక్క వేసిన కాగితం బీరువాలో ఉన్నది. దాన్ని మా ఆవిడకు ఇంతవరకు చూపించలేదు. వదినగారి క్యాలెండరు కాగితం చూశాక, ఊరికి వెళ్ళగానే చూపించాలనుకున్నాను.

ఇక నన్ను పిలిపించిన పని. మూడో రోజు రాత్రి అన్నయ్యగారూ నేనూ వేపచెట్టు కింద కూర్చున్నాం. ఆయనే మొదలుపెట్టారు.

"మీ వదిన చెప్పమన్నది గదా, చెప్పండి."

"మీ మాట విందామని వచ్చాను అన్నయ్యగారూ."

కొంచెంసేపు ఊరుకున్నారు. "నేను ఫిట్టర్ని. ముప్పై రెండేళ్ళు ఆ పేరు మీదే బతికాను. పాడైన పంపు దగ్గరికి పిలిస్తే, ఇది పనికిరాదు, పారేయండి అని ఒక్కనాడు రాయలేదు. ఫిట్టరే వెళ్ళి అన్‌ఫిట్ అని రాయించుకు రావాలా?" అని నవ్వబోయారు. దగ్గు వచ్చింది. ఈసారి చాలాసేపు తగ్గలేదు. నేను వీపు రాస్తూ, "మందు పీల్చే గొట్టం ఏదో ఉండాలే, డాక్టరు ఇవ్వలేదా?" అన్నాను.

ఆయన జవాబు చెప్పలేదు. వంటింటి తలుపు దగ్గర వదినగారు నిలబడి ఉన్నది. తల దించుకుంది. బోర్డు పరీక్ష అయ్యేదాకా ఆ మందు వాడవద్దని ఎవరో తెలిసినవాళ్ళు చెప్పారట. వాడితే ఊపిరి బాగుపడుతుంది, ఊపిరి బాగుంటే కాగితం మీద బాగుందనే పడుతుంది. మూడు వారాల నుంచి ఆ గొట్టం బీరువాలో పట్టుచీరల కింద ఉన్నది. ఆయనకు తెలుసు. ఆయన అడగలేదు, ఆవిడ ఇవ్వలేదు. ఇద్దరూ మంచివాళ్ళే, ఇద్దరూ బిడ్డకోసమే.

ఏమనాలో నాకు తోచలేదు. ముప్పై ఏళ్ళు పిల్లలకు నీతులు చెప్పిన నోరు అక్కడ పెగల్లేదు. వదినగారిని తప్పు పట్టడానికి నా పెన్షను ఒప్పుకోలేదు. అప్పుడు ఆ అమ్మాయి లోపలి నుంచి వచ్చింది. చేతిలో నీళ్ళ చెంబు లేదు. బీరువా తాళాల గుత్తి తల్లి ఒళ్ళో పడేసి, ఆ నీలిరంగు గొట్టం తండ్రి చేతిలో పెట్టింది.

"పీల్చు నాన్నా" అన్నది.

"రేపు పొద్దున్నే పరీక్ష తల్లీ."

"తెలుసు. పీల్చు."

రెండుసార్లు పీల్చారు. పావుగంటలో రంపం చప్పుడు ఆగిపోయింది. ఆ ఇంట్లో నేను గడిపిన రాత్రుల్లో ఆయన పడుకుని నిద్రపోయింది ఆ ఒక్క రాత్రే. వదినగారు నిద్రపోలేదు. మా ఆవిడ ఆవిడ పక్కనే కూర్చుని తెల్లవార్లూ కంది పప్పులో రాళ్ళు ఏరింది, ఆ పప్పులో రాళ్ళేమీ లేకపోయినా.

మర్నాడు ఆయన వెంట నేనూ ఆస్పత్రికి వెళ్ళాను. పొడుగాటి వరండా, బల్లల మీద బారులుగా మనుషులు. గోదావరిఖని, భూపాలపల్లి, శ్రీరాంపూర్, మణుగూరు, అన్ని చోట్ల నుంచీ వచ్చినవాళ్ళు. చేతుల్లో ఒకే రకం ఫైళ్ళు. ఒక్కో ఫైలు వెనకా ఒక కుర్రవాడో కుర్రదో, తండ్రికి చెయ్యి అందిస్తూ. నిజంగా కాళ్ళు చచ్చుపడినవాళ్ళు ఉన్నారు. కిడ్నీలకు రక్తశుద్ధి చేయించుకునే గొట్టాలతో వచ్చినవాళ్ళు ఉన్నారు. వాళ్ళను చూస్తే ఈ షరతు ఎందుకు పుట్టిందో తెలుస్తుంది. అది లేకపోతే ఆ ఇళ్ళు ఏమయ్యేవో అనిపిస్తుంది. రైల్లో కలిసిన మందమర్రి ఆయన జాడ కనపడలేదు. ఆయన పని ఏమైందో తెలియదు.

ఊపిరి పరీక్షకు ఒక చిన్న గదిలోకి పిలిచారు. యంత్రానికి అమర్చిన గొట్టంలో ఒక్క బిగిన ఊదాలి. నన్ను లోపలికి రానివ్వలేదు. తలుపు సందులో నుంచి పరీక్ష చేసే అమ్మాయి గొంతు వినపడుతూనే ఉన్నది: "ఊదండి, ఊదండి, ఇంకా, ఇంకా, ఇంకా..." మూడుసార్లు ఊదించారు. బయటికి వచ్చేసరికి అన్నయ్యగారి కళ్ళలో నీళ్ళు తిరుగుతున్నాయి. ఊదినందువల్లే కావచ్చు.

వరండా చివర కూతురు నిలబడి ఉన్నది. ఏమీ అడగలేదు. ఆయనే చెప్పారు.

"ఉన్నదంతా ఊదానమ్మా. ఏమీ దాచుకోలేదు."

"సరే నాన్నా, పద, ఇడ్లీ తిందాం" అన్నది ఆ పిల్ల. ముగ్గురం పోస్టాఫీసు సెంటరు వైపు నడిచాం. ఆయన రెండో షిఫ్టుకు వెళ్ళాలి. ఫలితం తర్వాత తెలియజేస్తామన్నారు.